అదితిరావు హైదరీ

అదితిరావు హైదరీ సినీనటి, భరతనాట్య కళాకారిణి. హైదరాబాదులో జన్మించారు. తల్లి వైపున వనపర్తి సంస్థానాధీశుల కుటుంబానికి చెందినవారు. మలయాళం, తమిళం, హిందీ, తెలుగు చిత్రాల్లో నటించారు. నృత్యం, సంగీతం ఈమె నటనకు పునాదులు.

కుటుంబ నేపథ్యం

మాతామహుడు జె. రామేశ్వరరావు వనపర్తి చివరి రాజా. సంస్థానాలు పోయాక మహబూబ్‌నగర్ నుంచి లోక్‌సభకు ఎన్నికయ్యారు. ఓరియంట్ లాంగ్‌మన్ ప్రచురణ సంస్థకు సారథ్యం వహించారు. వనపర్తిలోని వారి రాజభవనంలో ఇప్పుడు పాలిటెక్నిక్ కళాశాల నడుస్తోంది. అమ్మమ్మ శాంతా రామేశ్వరరావు రచయిత్రి, హైదరాబాదు విద్యారణ్య పాఠశాల వ్యవస్థాపకురాలు. తల్లి విద్యారావు ఠుమ్రీ (హిందుస్థానీ సంగీతంలో ఒక గాన శైలి) గాయని, నైనాదేవి శిష్యురాలు. తండ్రి వైపు ముత్తాత సర్ అక్బర్ హైదరీ నిజాం రాజ్యానికి ప్రధానమంత్రిగా పనిచేశారు. అదితి లీలా శాంసన్ వద్ద భరతనాట్యం అభ్యసించారు.

నట జీవితం

ఈమె మొదట తెరపై కనిపించింది మలయాళ చిత్రం ‘ప్రజాపతి’ (2006)లో. దేవదాసి జీవితం ఇతివృత్తంగా శారదా రామనాథన్ తీసిన తమిళ చిత్రం ‘శృంగారం’ 2007లో విడుదలైంది. ఛాయాగ్రహణం, సంగీతం, నృత్య దర్శకత్వాలకు జాతీయ పురస్కారాలు పొందిన ఆ చిత్రంలో దేవదాసి మధురగా అదితి నాట్యమే పాత్రకు ప్రాణం పోసింది. హిందీలో ‘ఢిల్లీ 6’ (2009), ‘యే సాలీ జిందగీ’ (2011), ‘రాక్‌స్టార్’ (2011) చేసినా, దక్షిణాదిన విస్తృత గుర్తింపు తెచ్చింది మణిరత్నం ‘కాట్రు వెలియిడై’ (2017). అది తెలుగులో ‘చెలియా’గా వచ్చింది.

నేరుగా తెలుగులో చేసిన తొలి చిత్రం మోహనకృష్ణ ఇంద్రగంటి దర్శకత్వంలో వచ్చిన ‘సమ్మోహనం’ (2018). అందులో ఈమెది తెలుగు సరిగా రాని సినీ కథానాయిక పాత్ర. షూటింగ్ జరిగే ఇంటి అబ్బాయి దగ్గర సంభాషణలు పలకడం నేర్చుకుంటుంది. ఆ పాత్రకు అదితి తానే డబ్బింగ్ చెప్పుకున్నారు. తర్వాత ‘అంతరిక్షం’ (2018), ‘వి’ (2020), ‘మహా సముద్రం’ (2021) వచ్చాయి.

మలయాళ ‘సూఫీయుం సుజాతయుం’ (2020)లో మాటలు రాని యువతిగా కళ్లతో, చేతులతోనే కథ నడిపించారు. సంజయ్ లీలా భన్సాలీ ‘హీరామండి’ (2024) వెబ్ సిరీస్‌లో స్వాతంత్ర్య పోరాటానికి తోడ్పడే తవాయిఫ్ (ఆటపాటల కళాకారిణి) బిబ్బోజాన్ పాత్ర పోషించారు. ఠుమ్రీ వింటూ పెరిగిన నటికి తవాయిఫ్ పాత్ర సహజంగా అమరింది. ఒక పాటలో ఆమె వేసిన గజగామిని (ఏనుగులా మెల్లగా సాగే) నడక దేశమంతటా చర్చకు వచ్చింది.

వనపర్తితో అనుబంధం

2024 సెప్టెంబరులో నటుడు సిద్ధార్థ్‌ను వివాహమాడారు. పెళ్లి జరిగింది వనపర్తి జిల్లా శ్రీరంగాపురంలోని శ్రీరంగనాయకస్వామి ఆలయంలో. వనపర్తి సంస్థానాధీశులు కట్టించిన గుడి అది. పాలమూరు (మహబూబ్‌నగర్) ప్రాంతానికి, ఈ నటికి ఉన్న బంధం ఆ పెళ్లితోనే చాలామందికి తెలిసింది.