కింశుకానికి దూరపు చుట్టం

"కింశుక" శబ్దాన్ని "ఇది చిలుకయా ఏమి?" అని విడదీసి చెప్పడం మా పండితులకు అలవాటు. మోదుగ పువ్వు ఎర్రగా, చిలుక ముక్కువలె వంగి ఉంటుంది గనుక ఆ సందేహం. న్యూజిలాండులో చిక్కుడు కుటుంబానికే చెందిన ఒక ఎర్రపూల మొక్కను మావొరీలు "కాకా ముక్కు" అనే అర్థం వచ్చే మాటతో పిలుస్తారు. ఈ కాకా మన కాకము కాదు సుమా, ఆ ద్వీపాల చిలుక! సముద్రాల కావల కూడా అదే ఉపమానం పుట్టిందన్నమాట. ఆ కాకా ముక్కు మొక్కతో ఒకే ప్రజాతిలో కొంతకాలం కాపురముండి, తరువాత వేరుపడిన ఆస్ట్రేలియా ఎడారి మొక్క ఒకటి ఉన్నది. లోకం దానిని స్టర్ట్ ఎడారి బఠానీ అంటుంది. నేను చెప్పదలచినది దాని పేరు కథ.

ఇది నేలను అంటి పాకే మొక్క. ఆకుల నిండా బూడిదరంగు నూగు. పువ్వు తొమ్మిది సెంటీమీటర్ల దాకా పొడవుంటుంది. అవిసె పువ్వును విప్పి చూసిన వారికి ధ్వజము, బాహువులు, ద్రోణి అనే విభాగాలు పరిచితమే. ఇక్కడ ధ్వజము పైకి, ద్రోణి కిందికి నిట్టనిలువుగా సాగుతాయి. అంతా రక్తవర్ణం. నడుమ నిగనిగలాడే నల్లని బుడిపె, కాటుక కంటిపాప వంటిది.

ఐరోపావారిలో దీనిని మొదట సేకరించినవాడు విలియం డాంపియర్. ఒకప్పుడు సముద్రపు దొంగ, తరువాత ఆంగ్ల నౌకాదళపు కప్తాను. 1699 ఆగస్టులో, నేడు అతని పేరే ధరించిన పశ్చిమ ఆస్ట్రేలియా ద్వీపసమూహంలో దిగి, నీటికోసం వెదుకుతూ మొక్కలు కోసి కాగితాల నడుమ ఆరబెట్టాడు. తిరుగు ప్రయాణంలో, 1701లో, అతని ఓడ రోబక్ అసెన్షన్ ద్వీపం దగ్గర మునిగింది. ఓడ పోయినా మొక్కలు దక్కాయి. 1702లో సైనిక న్యాయస్థానం తన లెఫ్టినెంటును క్రూరంగా హింసించాడని అతనిని దోషిగా తేల్చింది. మనిషి అటువంటివాడే, కాని మునిగే ఓడలోనుంచి ఎండుపువ్వులను కాపాడుకున్నాడు! ఆ ఎర్రపువ్వు నమూనా నేటికీ ఆక్స్‌ఫర్డ్‌లో భద్రంగా ఉన్నది.

చార్లెస్ స్టర్ట్ దీనిని చూసినది 1844లో, అనగా నూట నలభై అయిదేండ్ల తరువాత. ఈయన మన గడ్డమీద పుట్టినవాడే. 1795లో, గంగ ఒడ్డున చునార్‌లో జన్మించాడు. తండ్రి కంపెనీ కొలువులో న్యాయాధికారి. ఖండం నడుమ సముద్రం ఉంటుందన్న నమ్మకంతో అడిలైడు నుండి ఎడ్లబండ్లతో, రెండు వందల గొర్రెలతో, పైగా ఒక పడవతో బయలుదేరాడు. ఎడారికి పడవ! 1845 జనవరి నుండి జూలై దాకా ఒక్క నీటిగుంట దగ్గర చిక్కుకుపోయారు. ఎండకు పెన్సిళ్లలోని సీసం జారి పడిపోయిందట. ఉపనాయకుడు జేమ్స్ పూల్ స్కర్వీతో మరణించాడు, అదీ ఎదురుచూసిన వాన కురిసిన కొద్ది రోజులకే. సముద్రం దొరకలేదు. రాళ్ల ఎడారి దొరికింది. దానికీ ఆయన పేరే. పడరాని పాట్లు పడినవాని పేరు జనం నోట నిలిచింది. అందులో అన్యాయమేమీ నాకు కనబడదు.

శాస్త్రజ్ఞుల దగ్గర మాత్రం పంచాయితీ తెగలేదు. జార్జ్ డాన్ 1832లో "ఫార్మోసా", అంటే సుందరి, అన్నాడు. 1835లో డాంపియర్ పేరు మీదుగా "క్లయాంథస్ డాంపియరి" వచ్చింది. వ్యాకరణంలో పరసూత్రం పూర్వసూత్రాన్ని బాధిస్తుంది. వృక్షశాస్త్రంలో తద్విరుద్ధం, ముందుపేరుదే బలం. ఆ నియమంతో డాంపియర్ తొలగి సుందరి నిలిచింది. 1990లో జాయ్ థాంప్సన్ దానిని స్వైన్‌సోనా ప్రజాతిలో చేర్చారు. ఈ స్వైన్‌సన్ ఎడారి చూసినవాడు కాడు, లండను దగ్గర ట్వికెన్‌హామ్‌లో తోట పెంచినవాడు, మూలికా పానకం అమ్మి ధనం గడించినవాడు. డాంపియర్ సేకరించిన మూడు వందల ఏండ్లకు, 1999లో, అలెక్స్ జార్జ్ "విల్‌డాంపియా" అనే కొత్త ప్రజాతి ప్రతిపాదించి ఆ ఋణం తీర్చబోయాడు. ఎక్కువమంది అంగీకరించలేదు. నాకు మాత్రం ఆ ప్రయత్నం ముచ్చటగా తోచింది.

1961లో దక్షిణ ఆస్ట్రేలియా దీనిని తన రాష్ట్ర పుష్పంగా స్వీకరించింది, స్టర్ట్ పేరుతోనే. వీరందరికన్నా వేల ఏండ్ల ముందునుండి ఆ పువ్వును చూస్తున్న మధ్య ఎడారి ప్రజలు దానిని "మలుకురు" అన్నారు. మలు అంటే ఎర్ర కంగారూ, కురు అంటే కన్ను. మన షష్ఠీతత్పురుషమే! ఎవరి సొత్తని కాక, ఎట్లా ఉన్నదని చెప్పిన పేరు ఈ వరుసలో ఇదొక్కటే కాదు, సుందరి కూడా ఉన్నది గదా అనవచ్చు. సుందరి ఏ పువ్వుకైనా సరిపోతుంది. కంగారూ కన్ను ఈ నల్లబుడిపె పువ్వుకు తప్ప మరొకదానికి అతకదు.

గింజ పెంకు మహా గట్టిది. ఏండ్ల తరబడి ఇసుకలో నిద్రించి, మంచి వాన పడితే లేస్తుంది. తోటమాలులు గింజను కాస్త గీరి గాని, వేడినీళ్లలో నానబెట్టి గాని నాటుతారు. నాటిన మొక్కను కదిలించరాదు, వేరు కదిలితే బ్రతకదు.