ప్లేస్టేషన్ 2 మాడింగ్

ప్లేస్టేషన్ 2 మాడింగ్ అనగా సోనీ సంస్థ తయారుచేసిన ప్లేస్టేషన్ 2 అనే గేమ్ కన్సోల్‌లో, తయారీదారు అనుమతించని ప్రోగ్రాములు కూడా నడిచే విధంగా మార్పులు చేయడం. మాడిఫికేషన్ అనే మాటను కుదించి మాడింగ్ అంటున్నారు. కన్సోల్ లోపలి బోర్డుకు అదనంగా ఒక చిప్పును టంకం వేసి అతికించడం ఒక పద్ధతి. పెట్టె విప్పకుండా, కన్సోల్ సాఫ్టువేరులోని లోపాన్ని ఆసరా చేసుకొని మార్చడం మరొక పద్ధతి. మొదటి పద్ధతిలో వాడే చిప్పును మాడ్‌చిప్ అనీ, రెండవ పద్ధతిని సాఫ్ట్‌మాడ్ అనీ వ్యవహరిస్తారు. ఇలా మార్చిన కన్సోల్ మీద ఔత్సాహికులు స్వయంగా వ్రాసిన ప్రోగ్రాములను, ఇతర దేశాల కొరకు అమ్మిన ఆటలను, నకలు తీసిన డిస్కులను నడపవచ్చును. ఔత్సాహికుల ప్రోగ్రాములకు హోంబ్రూ అని పేరు. నకలు డిస్కుల కారణంగా మాడింగ్ అనేక దేశాలలో న్యాయస్థానాల దాకా వెళ్ళినది.

నేపథ్యం

ప్లేస్టేషన్ 2 జపానులో 2000 మార్చి 4న, అమెరికాలో అదే సంవత్సరం అక్టోబరు 26న విడుదలైనది. 2013 జనవరిలో దీని ఉత్పత్తి నిలిచిపోయేనాటికి 15 కోట్లకు పైగా యంత్రాలు అమ్ముడుపోయినవి. ఇళ్ళలో వాడే గేమ్ కన్సోళ్ళలో ఇంతకంటె ఎక్కువ అమ్ముడుపోయినది మరొకటి లేదు. ఇందులోని ప్రధాన ప్రాసెసరు పేరు ఎమోషన్ ఇంజిన్. వేగం దాదాపు 295 మెగాహెర్ట్జ్, మెమరీ 32 మెగాబైట్లు. ఈనాటి మామూలు సెల్‌ఫోనులో దీనికి వంద రెట్ల మెమరీ ఉంటుంది. పాత ప్లేస్టేషన్ ఆటలు కూడా నడవడం కొరకు ఆ యంత్రపు ప్రాసెసరునే ఇందులో సహాయక ప్రాసెసరుగా అమర్చారు. ఈ వెసులుబాటే తరువాత ఒక లోపానికి దారితీసినది.

మొదట వచ్చిన లావు నమూనాలో వెనుకవైపు హార్డ్ డిస్క్ పెట్టుకొనే గూడు ఉండేది. 2004లో వచ్చిన సన్నని నమూనాలో ఆ గూడు తీసివేసి, నెట్‌వర్క్ కేబులు తగిలించే సౌకర్యాన్ని లోపలే ఇచ్చారు. మాడింగ్ చేసేవారికి నమూనా సంఖ్య తెలియడం చాలా ముఖ్యం. పెట్టె మీద ఎస్‌సీపీహెచ్ అనే అక్షరాల తరువాత ఉండే ఐదంకెల సంఖ్యను బట్టి ఏ పద్ధతి పనిచేస్తుందో నిర్ణయిస్తారు.

ప్రాంతీయ తాళం

సోనీ ప్రపంచాన్ని కొన్ని ప్రాంతాలుగా విభజించి, ఒక ప్రాంతపు ఆట మరొక ప్రాంతపు యంత్రంలో నడవకుండా ఏర్పాటు చేసినది. భారతదేశం యూరపుతో పాటు పాల్ ప్రాంతంలోకి వచ్చినది. అమెరికాది వేరే ప్రాంతం. సినిమా డీవీడీల విషయంలో విభజన మరొక విధంగా ఉన్నది: అందులో భారతదేశం 5వ ప్రాంతం, అమెరికా 1వ ప్రాంతం.

బంధువులు అమెరికాలో ఉన్న కుటుంబాలకు ఇది ఇబ్బంది కలిగించే విషయం. అక్కడ కొని తెచ్చిన కన్సోల్‌లో ఇక్కడి అంగడిలో డబ్బు పెట్టి కొన్న అసలు డిస్కు కూడా నడవదు. పైగా అమెరికా కొరకు చేసిన లావు నమూనా 120 వోల్టుల విద్యుత్తుకు తయారైనది. దానిని స్టెప్‌డౌన్ ట్రాన్స్‌ఫార్మర్ లేకుండా మన 230 వోల్టుల ప్లగ్గుకు తగిలిస్తే విద్యుత్ విభాగం కాలిపోతుంది. మాడింగ్ వలన ప్రాంతీయ తాళం తొలగుతుంది గాని, ఈ వోల్టేజి సమస్య తీరదు.

డిస్కును గుర్తించే విధానం

తాళం ఎలా పనిచేస్తుందో మొదటి ప్లేస్టేషన్‌ను చూస్తే తేలికగా అర్థమౌతుంది. సీడీ మీద సమాచారం సర్పిలాకారపు గాడిలో ఉంటుంది. అసలు డిస్కులో ఈ గాడి మొదటి భాగాన్ని ఒక లెక్క ప్రకారం సన్నగా వంకరలు తిప్పి, ఆ వంకరలలో నాలుగు అక్షరాల గుర్తును దాచారు. జపానుకు ఎస్‌సీఈఐ, అమెరికాకు ఎస్‌సీఈఎ, యూరపుకు ఎస్‌సీఈఈ. ఇంటిలోని సీడీ రైటరు సమాచారాన్ని వ్రాయగలదు గాని గాడి వంకరను వ్రాయలేదు. కనుక నకలు డిస్కులో ఆట మొత్తం ఉన్నప్పటికీ ఆ నాలుగు అక్షరాలు ఉండవు. ప్లేస్టేషన్ డిస్కుల అడుగు భాగం నల్లగా ఉండడమే రక్షణ అని చాలామంది అనుకొనేవారు. అది కేవలం రంగు మాత్రమే.

మొదటి తరం మాడ్‌చిప్ చేసే పని ఆ నాలుగు అక్షరాలను విద్యుత్ సంకేతంగా కన్సోల్‌కు అందించడం. డిస్కు ఏదైనా సరే, కన్సోల్ తాను వెతుకుతున్న గుర్తు దొరికినదని భావిస్తుంది. ఎనిమిది కాళ్ళ చవకైన పిక్ మైక్రోకంట్రోలర్ ఇందుకు సరిపోయేది. కొంతకాలానికి ఆటల తయారీదారులు దీనికి విరుగుడు కనుగొన్నారు. గుర్తు రాకూడని సమయంలో కూడా వస్తున్నదేమో ఆటే పరీక్షించి, వస్తే ఆగిపోయేది. దానికి బదులుగా, ఆట మొదలవగానే మౌనం వహించే చిప్పులు వచ్చినవి. వీటిని స్టెల్త్ చిప్పులు అన్నారు.

ప్లేస్టేషన్ 2లో ఈ పరీక్షను మెకాకాన్ అనే ప్రత్యేక చిప్పుకు అప్పగించారు. డ్రైవును నడపడం, డిస్కు అసలుదో కాదో తేల్చడం, మెమరీ కార్డుల రహస్య లిపిని చూసుకోవడం అన్నీ దాని పనులే. కనుక మాడ్‌చిప్ కూడా జటిలమైనది. మెస్సయ్య, డీఎంఎస్, మ్యాట్రిక్స్ ఇన్ఫినిటీ వంటి చిప్పులను అమర్చడానికి ఇరవై వరకు, కొన్నిచోట్ల ఇంకా ఎక్కువ, తీగలను వెంట్రుక మందపు బిందువులకు టంకం వేయవలసి ఉండేది. ఒక్క బిందువు పక్కదానితో కలిసినా బోర్డు పాడయ్యేది. ఇది ఇంటిలో సరదాకు చేసే పని కాదు. అందువలన ప్రపంచమంతటా ఈ పని ఎలక్ట్రానిక్స్ రిపేరు దుకాణాల చేతిలోకి వెళ్ళినది. నకలు డిస్కుల అమ్మకం కూడా చాలాచోట్ల అదే బల్ల మీద జరిగేది.

చిప్పు లేని పద్ధతులు

టంకం అవసరం లేని మొదటి ఉపాయం డిస్కు మార్చడం. స్వాప్ మ్యాజిక్ అనే డిస్కు కన్సోల్ పరీక్షలో నెగ్గుతుంది. తరువాత, డిస్కు పళ్ళెం తెరుచుకున్నట్లు యంత్రానికి తెలియకుండా సన్నని ప్లాస్టిక్ పలకతో దానిని లాగి, నకలు డిస్కును పెడతారు.

2003లో ఇండిపెండెన్స్ అనే పద్ధతి వెలుగులోకి వచ్చినది. పాత ప్లేస్టేషన్ డిస్కు పెట్టినప్పుడు కన్సోల్ మెమరీ కార్డులోని ఒక ఫైలులో ఆ ఆట పేరును వెతుకుతుంది. ఆ ఫైలులో కేటాయించిన చోటుకు మించిన పొడవైన సమాచారం ఉంటే, మిగిలినది పక్కనున్న మెమరీలోకి పొంగి, అక్కడ ఉంచిన ప్రోగ్రాము నడుస్తుంది. కంప్యూటరు శాస్త్రంలో దీనిని బఫర్ ఓవర్‌ఫ్లో అంటారు. ఒక పాత అసలు ఆట డిస్కు, ఒక మెమరీ కార్డు ఉంటే చాలును. సోనీ తరువాతి నమూనాలలో ఈ లోపాన్ని సరిదిద్దినది.

2008లో వచ్చిన ఫ్రీ మెక్‌బూట్ అన్నిటికంటె ఎక్కువ ప్రచారం పొందినది. ప్లేస్టేషన్ 2 స్విచ్చి వేయగానే మెమరీ కార్డులో సిస్టం అప్‌డేట్ ఉన్నదేమో చూసుకొనే ఏర్పాటును సోనీయే చేసి ఉంచినది. ఫ్రీ మెక్‌బూట్ ఆ అప్‌డేట్ వేషంలో ప్రవేశిస్తుంది. మెమరీ కార్డులోని ఈ ఫైలు ఆ కార్డుకే ముడిపడి ఉంటుంది కనుక, దానిని మామూలుగా మరొక కార్డుకు నకలు చేస్తే పనిచేయదు. ఇదివరకే మార్చిన కన్సోల్ మీద స్థాపించవలసినదే. ఎస్‌సీపీహెచ్-90000 వరుసలో చివరిగా తయారైన యంత్రాలలో అప్‌డేట్ ఏర్పాటునే తొలగించడం వలన అక్కడ ఇది పనిచేయదు. 2020 జూన్‌లో సీటర్ట్ అనే పేరుతో వ్రాసే పరిశోధకుడు ఫ్రీడీవీడీబూట్‌ను వెల్లడించాడు. కన్సోల్‌లో సినిమాలు చూపే డీవీడీ ప్లేయరు ప్రోగ్రాములోని లోపం దీనికి ఆధారం. తగిన విధంగా వ్రాసిన ఒక ఖాళీ డీవీడీ తప్ప వేరే పరికరం అక్కరలేదు. యంత్రం పుట్టిన ఇరవై సంవత్సరాలకు, ఉత్పత్తి ఆగిన ఏడు సంవత్సరాలకు ఇది జరిగినది. అప్పటికి సరిదిద్దేవారు లేరు.

హోంబ్రూ

ఔత్సాహికులు ప్రోగ్రాములు వ్రాయడాన్ని సోనీ మొదట్లో పూర్తిగా కాదనలేదు. 1997లో మొదటి ప్లేస్టేషన్‌కు నెట్ యారోజ్ అనే నల్లని ప్రత్యేక యంత్రాన్ని అమ్మినది. ప్లేస్టేషన్ 2కు 2002లో హార్డ్ డిస్క్, కీబోర్డు, మౌసుతో కూడిన లినక్స్ కిట్‌ను అమెరికా, యూరపులలో విడుదల చేసినది. యూరపు యంత్రాలతో ఇచ్చిన డెమో డిస్కులో యాబేసిక్ అనే చిన్న ప్రోగ్రామింగ్ భాష కూడా ఉండేది. అయితే ఇవన్నీ సోనీ గీసిన గిరిలో ఉండేవి. గిరి దాటినవారు పీఎస్2ఎస్‌డీకే అనే ఉచిత సాధనాల సంపుటిని తయారుచేసుకొన్నారు.

దాని సహాయంతో వచ్చిన వాటిలో ఫైళ్ళను చూడడానికి, మార్చడానికి ఉపయోగపడే యూలాంచ్‌ఈఎల్‌ఎఫ్, వీడియోలు చూపే సింపుల్ మీడియా సిస్టం, పాత కన్సోళ్ళను అనుకరించే ఎమ్యులేటర్లు ముఖ్యమైనవి. ఓపెన్ పీఎస్2 లోడర్ అనే ప్రోగ్రాము ఆటను డిస్కు నుండి గాక హార్డ్ డిస్క్, పెన్‌డ్రైవ్ లేదా ఇంటి నెట్‌వర్కు నుండి నడుపుతుంది. పెన్‌డ్రైవ్ పద్ధతి చవక అయినా నెమ్మది. ప్లేస్టేషన్ 2లో ఉన్నది యూఎస్‌బీ 1.1, దాని గరిష్ఠ వేగం సెకనుకు 12 మెగాబిట్లు. డీవీడీ డ్రైవు ఇంతకు మూడు రెట్లకు పైగా వేగంగా చదవగలదు. అందువలన ఆట మధ్యలో వచ్చే వీడియో దృశ్యాలు ఆగి ఆగి నడుస్తాయి. నెట్‌వర్కు ద్వారా నడిపితే ఈ ఇబ్బంది చాలావరకు తగ్గుతుంది.

మాడింగ్ వలన పుట్టి, మాడింగ్ సంగతే తెలియనివారి ఇళ్ళలోకి చేరిన ప్రోగ్రాము కూడా ఒకటి ఉన్నది. మైక్రోసాఫ్ట్ వారి మొదటి ఎక్స్‌బాక్స్ తాళం తీసినవారు దానిమీద సినిమాలు చూడడానికి వ్రాసుకొన్న ఎక్స్‌బీఎంసీ, 2014లో కోడి అని పేరు మార్చుకొన్నది.

హైదరాబాదులో తయారైన ఆటలు

2009లో హైదరాబాదుకు చెందిన ఆరోనా టెక్నాలజీస్ తయారుచేసిన హనుమాన్: బాయ్ వారియర్ ప్లేస్టేషన్ 2 కొరకు విడుదలైనది. పూర్తిగా భారతదేశంలో తయారైన మొదటి ప్లేస్టేషన్ 2 ఆటగా దీనిని పేర్కొంటారు. దేవుడిని ఆటగాడి చేతిలోని మీటలతో ఆడించడం తగదని అమెరికాలో ఉండే రాజన్ జెడ్ అభ్యంతరం తెలిపాడు. అదే సంవత్సరం హైదరాబాదుకే చెందిన గేమ్‌శాస్త్ర సంస్థ దేశీ అడ్డా అనే ఆటను తయారుచేసినది. కబడ్డీ, గిల్లీదండా (మన బిళ్ళంగోడు) వంటి ఆటలు ఇందులో ఉన్నవి. రెండింటినీ ప్రచురించినది సోనీ యూరప్ విభాగం. కనుక ఇవి పాల్ ప్రాంతపు డిస్కులు. అమెరికాలో స్థిరపడిన తెలుగువారి పిల్లలు అక్కడి కన్సోల్‌లో హైదరాబాదులో తయారైన ఈ ఆటలను ఆడాలంటే, డిస్కు అసలుదే అయినా మాడింగ్ చేయించక తప్పదు. నకళ్ళతో సంబంధం లేని ఉపయోగానికి ఇది మంచి ఉదాహరణ.

చట్టం

మాడ్‌చిప్పు మీద న్యాయస్థానాలు ఒకే మాట చెప్పలేదు. ఆస్ట్రేలియాలో సిడ్నీకి చెందిన ఎడ్డీ స్టీవెన్స్ మీద సోనీ వేసిన దావాలో, ప్లేస్టేషన్ తాళం నకలు తీయడాన్ని ఆపడం లేదనీ, తీసిన నకలు నడవకుండా మాత్రమే చేస్తున్నదనీ, కనుక అది అప్పటి చట్టం చెప్పిన సాంకేతిక రక్షణ కిందకు రాదనీ 2005 అక్టోబరు 6న అక్కడి హైకోర్టు తీర్పు చెప్పినది. ఆ దేశంలో హైకోర్టే అత్యున్నత న్యాయస్థానం. మరుసటి సంవత్సరం చట్టాన్నే సవరించారు. అమెరికాలో 1998 నాటి డిజిటల్ మిలీనియం కాపీరైట్ చట్టం ప్రకారం మాడ్‌చిప్పుల అమ్మకందారులు ఓడిపోయారు. నింటెండో, పీసీ బాక్స్ సంస్థల మధ్య వివాదంలో యూరోపియన్ న్యాయస్థానం 2014 జనవరి 23న మధ్యేమార్గం పట్టినది. రక్షణ ఏర్పాటు అవసరానికి మించి ఉన్నదా, ఆ పరికరాన్ని ప్రజలు నిజానికి దేనికి వాడుతున్నారు అన్నవి పరిశీలించాలని చెప్పినది.

భారతదేశంలో 1957 నాటి కాపీరైట్ చట్టం వర్తిస్తుంది. నకలు డిస్కుల అమ్మకం 63వ సెక్షను కింద ఎప్పటి నుండో నేరం. శిక్ష ఆరు నెలల నుండి మూడు సంవత్సరాల జైలు, 50 వేల నుండి 2 లక్షల రూపాయల జరిమానా. నకలు అని తెలిసి కంప్యూటరు ప్రోగ్రామును వాడడం కూడా 63బి సెక్షను కింద నేరమే. తాళం తీయడం గురించి మాత్రం 2012 వరకు ఈ చట్టంలో ఏమీ లేదు. ఆ సంవత్సరం జూన్ 21 నుండి అమలులోకి వచ్చిన 65ఎ సెక్షను ప్రకారం, హక్కులను ఉల్లంఘించే ఉద్దేశంతో సాంకేతిక రక్షణను ఛేదిస్తే రెండు సంవత్సరాల వరకు జైలు, జరిమానా విధించవచ్చును. ఇందులో ఉద్దేశం అన్న మాట కీలకమైనది. ఈ చట్టం నిషేధించని పనికొరకు తాళం తీయడానికి అదే సెక్షను మినహాయింపు ఇస్తున్నది. న్యాయంగా కొన్న ప్రోగ్రాము పాడైపోతుందేమోనని జాగ్రత్త కొరకు నకలు తీసుకోవడాన్ని 52వ సెక్షను అనుమతిస్తున్నది. కాబట్టి సొంతంగా వ్రాసిన ప్రోగ్రామును నడపడం, అంగడిలో నకలు డిస్కులు అమ్మడం చట్టం దృష్టిలో ఒకటి కావు. ఒకే చిప్పు రెండింటికీ పనికివస్తుంది కనుక వివాదం వస్తున్నది.

ప్రస్తుత స్థితి

ఉత్పత్తి నిలిచిన తరువాత మాడింగ్ చేసేవారి అవసరాలు మారినవి. డిస్కును చదివే లేజరు కాలక్రమంలో బలహీనపడి, ముందుగా నీలిరంగు అడుగు గల సీడీలను, తరువాత డీవీడీలను చదవలేకపోతుంది. లేజరు పాడైన యంత్రాన్ని తిరిగి వాడుకలోకి తేవడానికి ఆటలను హార్డ్ డిస్క్‌లోకి ఎక్కించడం తేలిక మార్గం. మెమరీ కార్డు పెట్టే చోట ఎస్‌డీ కార్డును అమర్చుకొనే అడాప్టర్లు కూడా వచ్చినవి. 2021లో వచ్చిన మెకాప్వన్ అనే ప్రోగ్రాము, అనేక సన్నని నమూనాలలో మెకాకాన్ చిప్పులోని ప్రాంతపు గుర్తునే సాఫ్టువేరుతో మారుస్తుంది. ఒకప్పుడు ఇరవై తీగలు టంకం వేస్తే గాని కాని పని దీనితో కొన్ని నిమిషాలలో పూర్తవుతుంది. అయితే మార్పు జరుగుతుండగా కరెంటు పోతే యంత్రం పనికిరాకుండా పోయే ప్రమాదం ఉన్నది; ఇన్వర్టరు ఉన్న ప్లగ్గుకు తగిలించి చేయడం మంచిది.