లోకం పుట్టక ముందు పాడినవారు

గంధర్వులు పాడతారనీ, తుంబురుడూ నారదుడూ పోటీపడతారనీ వింటూ పెరిగినవాళ్ళం మనం. అయితే వారి గానమంతా అప్పటికే ఉన్న లోకంలో, ఏదో ఒక సభలో జరుగుతుంది. లోకమన్నదే లేనప్పుడు, ఒకే ఒక్క శ్రోత ఎదుట పాడిన బృందం ఒకటుంది. అది పురాణాలలోనిది కాదు, జె.ఆర్.ఆర్. టోల్కీన్ కల్పించుకున్న ప్రపంచంలోనిది. ఆ కథకన్నా దాని వెనుకనున్న చరిత్రే నన్ను ఎక్కువకాలం వెంటాడింది.

ముందుగా కథ. ఇలూవతార్ అనే పరమేశ్వరుడు తన ఆలోచనలోనుంచి ఐనూర్ అనే దివ్యజీవులను పుట్టించి, ఒక పల్లవినిచ్చి పాడమంటాడు. (పల్లవి అన్నది నా మాట; ఇంతకన్నా దగ్గరి మాట దొరకలేదు.) వారందరిలోకీ బలవంతుడైన మెల్కోర్ మధ్యలో తన సొంత బాణీ చొప్పిస్తాడు. పక్కనున్నవారిలో కొందరు తడబడి ఊరుకుంటారు, కొందరు అతని వెంట పోతారు. ఇలూవతార్ రెండో పల్లవి ఎత్తుకుంటాడు, అదీ చెదిరిపోతుంది. మూడోది మెల్లగా, మృదువుగా మొదలవుతుంది. మెల్కోర్ ఘోష దానిని ముంచివేయాలని చూస్తుంది కాని, ఆ ఘోషలోని అతి గర్వమైన స్వరాలనే అది తనలో అల్లేసుకుంటుంది.

మొదటిసారి చదివినప్పుడు ఈ అల్లుకోవడం నాకు అంతుపట్టలేదు. మన కచేరీలో శ్రుతి తప్పితే తప్పినట్టే. దిద్దుకోవాలి తప్ప దానిని రాగంలో కలుపుకోవడం ఉండదు. పాశ్చాత్య బృందగానంలో వేర్వేరు గొంతులు వేర్వేరు బాణీలను ఒకేసారి పాడుతూ, ఒకచోట కర్కశంగా రాసుకుని, మరుక్షణం పొందికగా కుదురుకుంటాయి. కాబట్టి మెల్కోర్ పాడినదాన్ని అపస్వరం అనేస్తే సగం అర్థం జారిపోతుంది. వివాది స్వరమంటే కొంత నయమేమో. నాట రాగంలోని షట్శ్రుతి రిషభం వివాదే, కాని అది లేకపోతే నాటకు ఆ గాంభీర్యం ఎక్కడిది? ఇంతా రాసిన టోల్కీన్‌కు చిన్నప్పుడు ఫిడేలు నేర్పబోతే ఒంటబట్టలేదట. ఆ సంగతి ఆయనే ఒక ఉత్తరంలో చెప్పుకున్నారు.

ఇక చరిత్ర. బడిలో ఆయనకు ముగ్గురు ప్రాణస్నేహితులు. తాము నలుగురం లోకానికి ఏదో వెలుగు పంచడానికే పుట్టామని కుర్రతనపు నమ్మకం. 1916 జులై 1న, సోమ్ యుద్ధం మొదలైన రోజునే రాబర్ట్ గిల్సన్ చనిపోయాడు. అదే యుద్ధరంగంలో సంకేతాల అధికారిగా పనిచేసిన టోల్కీన్, పేల వల్ల సోకే కందకాల జ్వరంతో నవంబరులో ఇంగ్లండు చేరుకున్నారు. డిసెంబరు 3న జెఫ్రీ స్మిత్ గాయాలతో పోయాడు. మిగిలినవాడు క్రిస్టొఫర్ వైజ్‌మన్ ఒక్కడే. నలుగురిలో సంగీతం తెలిసినవాడు కూడా అతనే.

1918 చివరలో టోల్కీన్ ఆక్స్‌ఫర్డ్ నిఘంటువులో పనికి కుదిరారు. పగలు డబ్ల్యూ అక్షరపు మాటల వ్యుత్పత్తులు, కందిరీగ, వాల్రస్ వంటివి. ఆ రోజులలోనే, 1920 వసంతంలోపు, ఐనూర్‌ల గానం రాశారు. యుద్ధాన్నే కథగా మార్చారని నేననను. అటువంటి అన్వయాలు ఆయనకే గిట్టవు. కాని చెదిరిన బృందం గురించి రాస్తున్నవాడికి ఆ నలుగురూ గుర్తుకు రాలేదంటే నమ్మలేను.

ఆ తొలి పాఠంలో గానం సాగుతుండగానే లోకం ఏర్పడిపోతుంది. ఐనూర్‌లు చూసేసరికి అది నిజంగానే ఉంది. రెండవ ప్రపంచయుద్ధం ముగిశాక, 1940ల రెండో భాగంలో తిరగరాసినప్పుడు ఇది మారింది. ఇప్పుడు పాట ముగిశాక కనిపించేది దృశ్యం మాత్రమే. అది కూడా మాయమవుతుంది. అప్పుడు ఇలూవతార్ ఒక్క మాటతో లోకానికి ఉనికినిస్తాడు. ఆశతో దిగిన ఐనూర్‌లకు అక్కడ ఏదీ తయారై ఉండదు. తాము పాడినదంతా యుగాల తరబడి చేతులతో కట్టుకోవాలి. కొడుకును వైమానికదళానికి పంపి, ఇంటి దగ్గర ఎదురుచూసిన తండ్రి చేసిన మార్పు ఇది. నాకు ఈ రెండో పాఠమే నిజంగా తోస్తుంది.

టోల్కీన్ 1973లో మరణించారు. కుమారుడు క్రిస్టొఫర్ పరిష్కరించిన 'సిల్మరిలియన్' 1977లో వెలువడితే, దాని మొదటి అధ్యాయంగా పాఠకులకు ముందు అందినది మలి రూపమే. తొలి పాఠం 1983లో గాని అచ్చుకాలేదు.

అచ్చయిన ఆ మలి పాఠంలో జలాధిపతి ఉల్మోకు ఇలూవతార్ ఒకటి చూపిస్తాడు. నీటిని దెబ్బతీయాలని మెల్కోర్ తలపెట్టిన చలి, మంచుగా మారి నీటికే కొత్త అందమైంది. చదవడానికి బాగుంది. గిల్సన్ చావు ఏ మంచుగా మారిందని అడగాలనిపిస్తుంది నాకు. టోల్కీన్ అంత సులువుగా తప్పించుకోలేదు కూడా: మూడో పల్లవికి అందం ముఖ్యంగా దానిలోని అంతులేని దుఃఖం నుంచే వచ్చిందని రాశారు. ఆ దుఃఖం ఎవరిదో మాత్రం రాయలేదు.