పార్ట్‌టైం అనే మాట

మన విమర్శకులు ప్రబంధాల్లోని ఒక్కొక్క పదానికి పుటలకొద్దీ వ్యాఖ్య రాశారు. ప్రభుత్వ ఉత్తర్వుల్లోని మాటలను మాత్రం గుమాస్తాలకు వదిలేశారు. పదేళ్లు, పదిహేనేళ్లు పాఠం చెప్పిన మనిషిని రికార్డుల్లో ‘పార్ట్‌టైం లెక్చరర్’ అని రాస్తారే, అది అలా వదిలేసిన మాటే. దాని చరిత్ర తెలుసుకోవడం సాహిత్య విద్యార్థికి పరాయి పని అని నేననుకోను. ఆ పేరు కింద బతికినవాళ్లలో నన్నయనూ గురజాడనూ బోధించినవాళ్లు ఉన్నారు.

బాన్సువాడ చుట్టూ నిజాంసాగర్ ఆయకట్టు. ప్రాజెక్టు 1931లో పూర్తయింది. వరి, చెరకు. నాట్లప్పుడు, కోతలప్పుడు కూలీకి పిలుపు వస్తుంది. మధ్యకాలంలో అతని తిండి అతనిదే. బోధన్ చక్కెర ఫ్యాక్టరీ నడిచినన్నాళ్లు క్రషింగ్ సీజను కూలీల బతుకూ అంతే. చదువుల రంగం ఈ పొలం పద్ధతినే అరువు తెచ్చుకుంది. హర్యానాలో విద్యాసంవత్సరం మొదట్లో అడ్‌హాక్ టీచర్లను తీసుకొని వేసవి సెలవుల ముందు ఇంటికి పంపేవారు. 1985లో రత్తన్‌లాల్ కేసులో సుప్రీంకోర్టు దీన్ని తప్పుపట్టి సెలవుల జీతం ఇమ్మంది. కర్ణాటక ప్రైవేటు కాలేజీల సంగతి మరీ విచిత్రం. మూడు నెలలకు నియామకం, ఒకటి రెండు రోజులు విరామం, మళ్లీ నియామకం. జీతమేమో రెగ్యులర్ అధ్యాపకుడి కనీస వేతనం కన్నా పది రూపాయలు తక్కువ! ఆ పది రూపాయలతో ఏ ఖజానా నిండింది? నువ్వు మాలో ఒకడివి కావని గుర్తుచెయ్యడానికే అది. 1992లో ఆ పద్ధతీ కోర్టులో నిలవలేదు.

ఇక మన సంగతి. 1994 నాటి 2వ చట్టం తాత్కాలిక నియామకాలకు అడ్డుకట్ట వేసింది. 1993 నవంబరు 25 గీటు తేదీ అయింది. 1994 ఏప్రిల్ 22 నాటి 212వ నంబరు జీవో ఆ తేదీకి ఐదేళ్ల సర్వీసు నిండాలంది. 1998లో 27వ చట్టం పార్ట్‌టైం ఉద్యోగులకు పదేళ్లు కావాలంది. అంటే 1983 నవంబరు నాటికే చేరి ఉండాలి. సగం మనిషి గనక రెట్టింపు కాలం! తరగతి గంట లెక్కకు వచ్చింది. పాఠం తయారుచేసుకున్న రాత్రి, జవాబుపత్రాలు దిద్దిన పూట రాలేదు. చట్టం అసలు లోపం ఇక్కడే ఉందని నా అభిప్రాయం. 2009లో సుప్రీంకోర్టు ఈ చట్టాన్ని సమర్థించింది. 2006 నాటి ఉమాదేవి తీర్పు కూడా మంజూరైన పోస్టుల్లో పదేళ్లు చేసినవారికి, అదీ ఒక్కసారికే, తలుపు తీసింది.

తెలంగాణలో 2016 నాటి 16వ నంబరు జీవో ఆధారంగా 2023 ఏప్రిల్ 30న 5,544 మంది కాంట్రాక్టు ఉద్యోగులు రెగ్యులరయ్యారు. వారిలో 2,909 మంది జూనియర్ లెక్చరర్లు. గెస్ట్ లెక్చరర్లు గడప బయటే నిలబడ్డారు. 2024 నవంబరులో హైకోర్టు ఆ జీవోను కొట్టేసింది, అప్పటికే రెగ్యులరైనవారిని మాత్రం కదిలించలేదు.

మరుసటి నెలలోనే, డిసెంబరు 20న, సుప్రీంకోర్టులో జగ్గో కేసు తీర్పు వచ్చింది. కేంద్ర జల సంఘం కార్యాలయంలో ఏళ్ల తరబడి ఊడ్చి తుడిచినవాళ్లు, ఒక తోటమాలి వేసిన కేసు అది. వాళ్లకూ ‘పార్ట్‌టైం’ అనే పేరే పెట్టారు. పేరును పక్కనబెట్టి పనిని చూడాలని, వాళ్లను క్రమబద్ధీకరించాలని కోర్టు చెప్పింది. స్టాఫ్‌రూం ఊడ్చే మనిషి పేరు తెలియకుండానే రిటైరైన లెక్చరర్లను నేను చూశాను. ఇకపై లెక్చరర్ల వకీళ్లు ఆ ఊడ్చేవాళ్లు గెలిచిన తీర్పునే కోర్టులో చదవాల్సి ఉంటుంది.