లోక్‌సభ కొత్త సభ్యుల సభాప్రవేశం

సార్వత్రిక ఎన్నికల్లో గెలిచిన అభ్యర్థి రాజ్యాంగం నిర్దేశించిన ప్రమాణం చేసి, సభ్యుల పట్టికలో సంతకం పెట్టి, లోక్‌సభలో తన స్థానంలో కూర్చోవడమే సభాప్రవేశం. రాజ్యాంగంలోని 99వ అధికరణం దీనికి ఆధారం. పార్లమెంటు ఉభయ సభల్లో ఏ సభ్యుడైనా రాష్ట్రపతి ఎదుటగానీ, ఆయన నియమించిన వ్యక్తి ఎదుటగానీ ప్రమాణం చేసి సంతకం పెట్టాకే ఆసనం స్వీకరించాలని ఆ అధికరణం చెబుతోంది. గెలుపుతోనే ఎంపీ అయిపోయినట్టు జనం అనుకుంటారు, పత్రికలూ అలాగే రాస్తాయి. చట్టం దృష్టిలో మాత్రం సభ్యత్వం అంచెలంచెలుగా వస్తుంది. ఓట్ల లెక్కింపు కేంద్రంలో ఒక మెట్టు, గెజెట్‌లో ఒక మెట్టు, సభలో ఒక మెట్టు.

లెక్కింపు పూర్తయ్యాక రిటర్నింగ్ అధికారి ఫలితం ప్రకటించి, గెలిచిన అభ్యర్థికి ధ్రువీకరణ పత్రం ఇస్తారు. ఫలితం ప్రకటించిన తేదీయే చట్టరీత్యా ఆ అభ్యర్థి ఎన్నికైన తేదీ. ఆపైన ఎన్నికల సంఘం విజేతలందరి పేర్లతో ప్రకటన జారీ చేస్తుంది. 1951 నాటి ప్రజాప్రాతినిధ్య చట్టంలోని 73వ సెక్షన్ ప్రకారం ఆ ప్రకటన వెలువడగానే కొత్త సభ ఏర్పడినట్టే. 2024 ఎన్నికల తర్వాత ప్రధాన ఎన్నికల కమిషనర్ రాజీవ్ కుమార్ జూన్ 6న రాష్ట్రపతి ద్రౌపదీ ముర్మును కలిసి 18వ లోక్‌సభకు ఎన్నికైనవారి జాబితా అందజేశారు. 17వ లోక్‌సభ అంతకు ముందురోజే రద్దయింది.

ప్రకటన వెలువడి, ప్రమాణం ఇంకా జరగని ఆ మధ్యకాలంలో ఎన్నికైన వ్యక్తి హోదా ఏమిటన్న ప్రశ్న సుప్రీంకోర్టు దాకా వెళ్లింది. శాసనసభకు సంబంధించిన పశుపతినాథ్ సుకుల్ కేసులో కోర్టు దీన్ని తేల్చింది. పేరు గెజెట్‌లో వచ్చినప్పటి నుంచే అతడు సభ్యుడు. ప్రమాణానికి ముందే రాజ్యసభ ఎన్నికలో ఓటు వేయవచ్చు, అభ్యర్థిని ప్రతిపాదించవచ్చు. సభలో కూర్చుని శాసన వ్యవహారాల్లో పాల్గొనడానికి మాత్రం ప్రమాణం తప్పనిసరి. అంటే సభ్యుణ్ణి చేసేది ఓటరు, సభలో కూర్చోబెట్టేది ప్రమాణం. ఈ ప్రక్రియ మొత్తానికి ఇదే కీలకం.

ప్రమాణం చేయకుండా సభలో కూర్చున్నా, ఓటు వేసినా 104వ అధికరణం కింద రోజుకు 500 రూపాయల జరిమానా పడుతుంది. రాజ్యాంగం అమల్లోకి వచ్చిన 1950 నుంచీ ఆ మొత్తం మారలేదు. అంకె చిన్నదే అయినా దాన్ని కేంద్రానికి బాకీగా వసూలు చేయాలని రాజ్యాంగమే చెప్పడంలో నియమం ఎంత గట్టిదో తెలుస్తుంది.

ప్రొటెం స్పీకర్

పాత సభ రద్దయినా స్పీకర్ వెంటనే పదవి వదలరు. కొత్త సభ తొలి సమావేశానికి సరిగ్గా ముందు వరకు కొనసాగి, అప్పుడు తప్పుకుంటారు. కొత్త స్పీకర్‌ను ఎన్నుకోవాల్సిన సభ్యులు ఇంకా ప్రమాణమే చేయలేదు. ఈ ఖాళీని పూరించడానికి 95వ అధికరణం కింద రాష్ట్రపతి ఒక సభ్యుణ్ణి తాత్కాలికంగా నియమిస్తారు. ఆయనే ప్రొటెం స్పీకర్. ఆయన ముందుగా రాష్ట్రపతి భవన్‌లో ప్రమాణం చేసి, సభకు వచ్చి మిగతావారి చేత చేయిస్తారు. ఎక్కువ కాలం సభ్యుడిగా ఉన్నవారిని ఎంచుకోవడం ఆనవాయితీ. 2004లో సోమ్‌నాథ్ ఛటర్జీ, 2014లో కమల్‌నాథ్, 2019లో వీరేంద్ర కుమార్ ఈ బాధ్యత నిర్వహించారు.

2024లో ఈ ఆనవాయితీపైనే వివాదం రేగింది. కటక్ నుంచి ఏడుసార్లు గెలిచిన భర్తృహరి మహతాబ్‌ను నియమించగా, ఎనిమిదిసార్లు నెగ్గిన, కేరళకు చెందిన కాంగ్రెస్ సభ్యుడు కొడికున్నిల్ సురేశ్‌ను పక్కనపెట్టారని ప్రతిపక్షం అభ్యంతరం చెప్పింది. మహతాబ్ విజయాల్లో విరామం లేదనీ, సురేశ్ మధ్యలో ఓడిపోయారనీ ప్రభుత్వం బదులిచ్చింది. ప్రొటెం స్పీకర్‌కు సాయపడే బృందంలో ఉన్న ప్రతిపక్ష సభ్యులు ఆ బాధ్యతకు దూరంగా ఉన్నారు. ఆనవాయితీ రాతపూర్వకం కాకపోవడం వల్లే ఇలాంటి తగవులు వస్తాయి. ఎవరు సీనియరో లెక్కగట్టే పద్ధతిని నిబంధనల్లో రాసిపెట్టడం సభ గౌరవానికి మేలు.

ప్రమాణం జరిగే తీరు

కొత్త సభ తొలి సమావేశం కాసేపు మౌనంతో మొదలవుతుంది. ఆ తర్వాత సెక్రటరీ జనరల్ ఒక్కొక్కరి పేరూ పిలుస్తారు. ప్రధానమంత్రి, ప్రొటెం స్పీకర్‌కు సహకరించే సభ్యులు, మంత్రులు ముందు వస్తారు. తర్వాత రాష్ట్రాలవారీగా, ఇంగ్లీషు అక్షర క్రమంలో మిగతా సభ్యులు. ఈ క్రమం వల్ల 2024 జూన్ 24, 25 తేదీల్లో మంత్రులను మినహాయిస్తే ఆంధ్రప్రదేశ్ సభ్యుల వంతు తొలిరోజే వచ్చింది, తెలంగాణ సభ్యులు రెండో రోజు దాకా ఆగారు.

పేరు పిలవగానే సభ్యుడు సెక్రటరీ జనరల్ బల్లకు కుడివైపు వచ్చి, రిటర్నింగ్ అధికారి ఇచ్చిన ధ్రువీకరణ పత్రాన్ని అక్కడి అధికారికి ఇస్తాడు. తాను కోరిన భాషలో ఉన్న ప్రమాణ పాఠాన్ని అందుకుని స్పీకర్ వైపు తిరిగి చదువుతాడు. చదవడం పూర్తయ్యాక వేదిక మీదికి వెళ్లి స్పీకర్‌కు నమస్కరించి, ఆయన కుర్చీ వెనకగా రెండోవైపుకు దిగి వచ్చి, సభ్యుల పట్టికలో సంతకం పెడతాడు. అంతటితో ఆసనం అతనిది. మొత్తం తంతు ఒకటి రెండు నిమిషాలకు మించదు.

ప్రమాణ పాఠం రాజ్యాంగం మూడో షెడ్యూలులో ఉంది. విశ్వాసం ఉన్నవారు దైవసాక్షిగా ప్రమాణం చేయవచ్చు, వద్దనుకున్నవారు సత్యనిష్ఠతో ధ్రువీకరించవచ్చు; రెండింటికీ విలువ ఒకటే. పాఠంలో మూడు మాటలున్నాయి: రాజ్యాంగం పట్ల విశ్వాసం, విధేయత; దేశ సార్వభౌమాధికారం, సమగ్రతల పరిరక్షణ; చేపట్టబోయే విధి నమ్మకంగా నిర్వర్తించడం. రెండో మాట 1950లో లేదు. వేర్పాటు డిమాండ్లు వినిపిస్తున్న రోజుల్లో, 1963లో 16వ సవరణ ద్వారా చేర్చారు. అదే సవరణ నామినేషన్ వేసే అభ్యర్థికి కూడా ప్రమాణాన్ని తప్పనిసరి చేసింది. కాబట్టి గెలిచిన ప్రతివారూ ఇలాంటి మాట ఇవ్వడం ఇది రెండోసారి.

పాఠాన్ని యథాతథంగా చదవాలన్నది నియమం. అయినా చాలామంది చివర నినాదాలు జోడిస్తూ వచ్చారు. 2024లో హైదరాబాద్ సభ్యుడు అసదుద్దీన్ ఒవైసీ ఉర్దూలో ప్రమాణం చేసి చివర్లో జై తెలంగాణతో పాటు జై పాలస్తీనా అనడం పెద్ద దుమారమైంది. అధికారపక్ష సభ్యులు అభ్యంతరం తెలపగా, ఆ మాటలు రికార్డుల్లోకి వెళ్లవని సభాధ్యక్ష స్థానం నుంచి చెప్పారు. తర్వాత కొద్ది రోజులకే స్పీకర్ ఓం బిర్లా తన ఆదేశాలను సవరించి, ప్రమాణానికి ముందుగానీ వెనకగానీ ఏ మాటా కలపరాదని స్పష్టం చేశారు. ఏ పక్షానికైనా ఇది మంచి నియమమే. ఆ ఒక్క నిమిషంలో సభ్యుడు పలికేది పార్టీ మాట కాదు.

తొలి రెండు రోజుల్లో రాలేకపోయినవారు తర్వాత ప్రమాణం చేయవచ్చు. అనుమతి లేకుండా 60 రోజులు సమావేశాలకు రాకపోతే మాత్రం ఆ స్థానం ఖాళీ అయినట్టు సభ ప్రకటించవచ్చు. జైల్లో ఉండి గెలిచినవారికి ఇది పెద్ద చిక్కు. 2024లో ఖడూర్ సాహిబ్ నుంచి అమృత్‌పాల్ సింగ్, బారాముల్లా నుంచి ఇంజినీర్ రషీద్ నిర్బంధంలో ఉండగానే ఎన్నికయ్యారు. జూలై 5న వారిని కాపలాతో తీసుకొచ్చి స్పీకర్ చాంబర్‌లో ప్రమాణం చేయించి తిరిగి పంపారు.

తెలుగులో ప్రమాణం

ఎనిమిదో షెడ్యూలులోని భాషల్లో దేనిలోనైనా ప్రమాణం చేసే వీలుంది. 2024లో కేంద్రమంత్రులు కింజరాపు రామ్మోహన్ నాయుడు, కిషన్ రెడ్డి తెలుగులో చేశారు. పేరు చెప్పగానే వచ్చే ‘అనే నేను’ అన్న రెండు మాటలు తెలుగు ప్రమాణానికి గుర్తుగా నిలిచిపోయాయి. 2018లో ఒక సినిమా పేరులోకీ ఎక్కాయి. ఇంగ్లీషు వాక్యంలో ‘నేను’ ముందు వస్తుంది, పేరు తర్వాత. తెలుగులో పేరు ముందు, ‘నేను’ తర్వాత. ఊరూవాడా తెలిసిన పేరు తానేనని సభ ముందు ఒప్పుకుని బాధ్యత నెత్తికెత్తుకుంటున్నట్టు వినిపిస్తుంది. ఓటు వేసి పంపినవారికి అర్థమయ్యే భాషలో ఆ మాట పడటం ఎంతైనా అవసరం.

ప్రసంగాల దగ్గరికి వచ్చేసరికి నియమం మారుతుంది. 120వ అధికరణం ప్రకారం పార్లమెంటు వ్యవహారాలు హిందీలోగానీ ఇంగ్లీషులోగానీ జరగాలి. ఆ రెండింటిలో సరిగా చెప్పుకోలేని సభ్యుడికి మాతృభాషలో మాట్లాడేందుకు స్పీకర్ అనుమతించవచ్చు. తక్షణ అనువాద సౌకర్యం తెలుగుతో సహా చాలా భాషలకు విస్తరించడంతో జిల్లా స్థాయి నుంచి ఎదిగిన కొత్త సభ్యులకు కొంత ధైర్యం వచ్చింది.

తెలుగు రాష్ట్రాల సభ్యుల విషయానికొస్తే, 2024లో ఆంధ్రప్రదేశ్ నుంచి తెలుగుదేశం 16, వైఎస్సార్ కాంగ్రెస్ 4, బీజేపీ 3, జనసేన 2 స్థానాలు గెలిచాయి. తెలంగాణలో బీజేపీ, కాంగ్రెస్ చెరి 8, మజ్లిస్ ఒకటి. విజయనగరం నుంచి తొలిసారి నెగ్గిన కలిశెట్టి అప్పలనాయుడు తన పార్టీ గుర్తయిన సైకిల్ మీదే తొలిరోజు పార్లమెంటుకు వచ్చారు. అమలాపురం నుంచి గెలిచిన గంటి హరీష్ మాధుర్ మాజీ స్పీకర్ బాలయోగి కుమారుడు. 2019లో ఓడి, ఈసారి నెగ్గారు. కోనసీమలోని ఎదుర్లంక నుంచి వచ్చిన జి.ఎం.సి. బాలయోగి 1991లో తొలిసారి లోక్‌సభలో అడుగుపెట్టి, 1998లో రెండోసారి గెలవగానే స్పీకర్ అయ్యారు. ఆ పదవి చేపట్టిన తొలి దళితుడాయన. 2002 మార్చిలో హెలికాప్టర్ ప్రమాదంలో మరణించే దాకా ఆ కుర్చీలోనే ఉన్నారు. సభలో ఎన్నేళ్లున్నారన్న దానికన్నా ఎలా మెలిగారన్నదే ముఖ్యమని ఆయన ఉదాహరణ చెబుతుంది.

తొలిసారి వచ్చినవారు

543 మంది ఉన్న 18వ లోక్‌సభలో తొలిసారి ఎన్నికైనవారు 280 మంది. 17వ సభలో 267. సభలో సగం మంది ప్రతి అయిదేళ్లకూ కొత్తవారే అన్నమాట. మహిళలు 74 మంది, అంతకు ముందు సభ కంటే నలుగురు తక్కువ. పోటీకి కనీస వయసు 25 ఏళ్లు. ఆ వయసులోనే గెలిచి వచ్చినవారు నలుగురున్నారు: శాంభవీ చౌదరి, సంజనా జాటవ్, ప్రియా సరోజ్, పుష్పేంద్ర సరోజ్.

ప్రమాణాలు ముగియగానే స్పీకర్ ఎన్నిక. 2024 జూన్ 26న ఓం బిర్లా మూజువాణి ఓటుతో ఎన్నికయ్యారు. అప్పటికి ప్రమాణం చేయని కొద్దిమందికి అందులో పాలుపంచుకునే వీలు లేకపోయింది. మర్నాడు 87వ అధికరణం ప్రకారం రాష్ట్రపతి ఉభయ సభలనుద్దేశించి ప్రసంగించారు. ఆ ప్రసంగానికి ధన్యవాదాలు తెలిపే తీర్మానంపై చర్చే చాలామంది కొత్తవారికి తొలిసారి గొంతు విప్పే అవకాశం. తొలి ప్రసంగానికి అడ్డు తగలకపోవడం సభా మర్యాద.

కొత్త సభ్యుడికి చట్టం విధించిన గడువులు చాలానే ఉన్నాయి. ఫలితం వచ్చిన 30 రోజుల్లో ఎన్నికల ఖర్చు లెక్కలు అప్పగించాలి. ప్రమాణం చేసిన 90 రోజుల్లో తనవి, జీవిత భాగస్వామివి, తనపై ఆధారపడిన పిల్లలవి ఆస్తులు, అప్పులు స్పీకర్‌కు తెలపాలి. రెండు లోక్‌సభ స్థానాల్లో గెలిస్తే 14 రోజుల్లో ఒకటి వదులుకోవాలి. రాయ్‌బరేలీ, వయనాడ్ రెండూ గెలిచిన రాహుల్ గాంధీ 2024లో వయనాడ్‌కు రాజీనామా చేశారు. అలాగే ఎంపీగా ఉంటూ ఎమ్మెల్యే అయితే రెండు పదవులూ ఉంచుకోవడం కుదరదు. 2023 డిసెంబరులో రేవంత్ రెడ్డి, ఉత్తమ్ కుమార్ రెడ్డి, కోమటిరెడ్డి వెంకట్ రెడ్డి శాసనసభకు ఎన్నికై లోక్‌సభ స్థానాలు వదులుకున్నారు.

నేర్చుకోవాల్సింది అంతకన్నా ఎక్కువ. ప్రశ్నోత్తరాల సమయంలో మంత్రి నోటితో జవాబిచ్చే నక్షత్ర గుర్తు ప్రశ్నలు రోజుకు 20. రాతపూర్వక జవాబులకు 230. ఏ ప్రశ్న ఎంపికవుతుందో లాటరీ తేలుస్తుంది. ప్రశ్న వేయాలంటే కనీసం 15 రోజుల ముందే నోటీసు ఇవ్వాలి. కాబట్టి నియోజకవర్గంలో ఆగిపోయిన రైల్వే వంతెన గురించి అడగాలనుకున్న సభ్యుడు సమావేశాలకు ముందే కాగితం సిద్ధం చేసుకోవాలి. జీరో అవర్, 377వ నిబంధన కింద ప్రస్తావనలు, శుక్రవారం సాయంత్రాల ప్రైవేటు సభ్యుల బిల్లులు మరికొన్ని దారులు. ప్రైవేటు బిల్లుల్లో ఇప్పటిదాకా చట్టాలైనవి 14 మాత్రమే, చివరిది 1970లో. ఓటింగ్ సమయంలో పార్టీ విప్‌ను కాదంటే, 1985లో వచ్చిన పదో షెడ్యూలు కింద సభ్యత్వమే పోవచ్చు. అందుకే కొత్త సభ్యుడి స్వతంత్ర బుద్ధి ఓటులో కన్నా ప్రశ్నల్లో, స్థాయీ సంఘాల పనిలో ఎక్కువగా బయటపడుతుంది. ఈ మెలకువలు నేర్పడానికి పార్లమెంటులో 1976 నుంచి ఒక శిక్షణ విభాగం ఉంది. ఇప్పుడు దాన్ని ప్రైడ్ అంటున్నారు.

నియోజకవర్గ అభివృద్ధి పనులకు ఏటా 5 కోట్ల రూపాయల ఎంపీ ల్యాడ్స్ నిధి ఉంటుంది. పి.వి. నరసింహారావు ప్రధానిగా ఉండగా 1993 డిసెంబరులో ఈ పథకం మొదలైంది. సభ్యుడు పని సిఫారసు చేస్తాడు, జిల్లా యంత్రాంగం మంజూరు చేసి చేయిస్తుంది. డబ్బు అతని చేతికి రాదు. తాగునీటి ట్యాంకు, బడి గది, శ్మశానవాటిక దారి వంటి పనుల కోసం ఊళ్ల నుంచి వచ్చే అర్జీలు ప్రమాణం చేసిన మర్నాటి నుంచే అతని బల్ల మీద పేరుకుంటాయి.