పేటికకన్నా పాత భయం

ఊపిరాడని భయానికి చరిత్ర చెప్పేవారు సాధారణంగా శవపేటిక దగ్గరే మొదలుపెడతారు. బతికుండగానే పాతిపెట్టేస్తారేమోనని యూరప్ వణికింది, 1896లో లండన్‌లో దాన్ని ఆపడానికే ఒక సంఘం వెలిసింది, ఎడ్గార్ అలన్ పో కథలు రాశాడు, ఫ్రాయిడ్ అర్థం చెప్పాడు. వరస బాగానే ఉంది. కానీ 1781లో చిత్రకారుడు ఫ్యూసెలీ గీసిన ‘నైట్‌మేర్’లో పేటిక లేదు; పిశాచి కూర్చున్నది నిద్రపోతున్న స్త్రీ గుండెల మీద. మన ‘పీడకల’లోని పీడకూ మూలార్థం నొక్కడమే.

పోనీ పో సంగతి? 1844 నాటి ‘ది ప్రిమెచ్యూర్ బరియల్’లో కథకుడు కళ్లు తెరిచేసరికి కటిక చీకటి, ముఖం మీదికి చెక్క, కట్టేసిన దవడ, తడిమట్టి వాసన. తీరా చూస్తే అది పడవలో ఇరుకు పడక. మట్టి తోటల కోసం తెస్తున్న సరుకు, దవడకున్నది తనే చుట్టుకున్న రుమాలు. కథ మొదట్లో సజీవ ఖననాల ఉదంతాలు గుప్పించిన మాట నిజమే, కానీ అవి ఎర. ఆ తర్వాత అతను భయం కథలు చదవడం మానేస్తాడు, శవంలా పడిపోయే అతని జబ్బూ వదిలిపోతుంది.

ఫ్రాయిడ్ 1919లో ఈ సజీవ ఖననపు భయాన్ని తల్లిగర్భపు ఊహతో ముడిపెట్టాడు. గర్భంలో శిశువు గాలే పీల్చదు కదా, ఇక ఊపిరాడని భయం ఎక్కడిది!

అంతకన్నా నమ్మదగ్గ మాట 1993లో మనోవైద్యుడు డొనాల్డ్ క్లైన్ అన్నది: ఊపిరాడకపోవడాన్ని పసిగట్టే అలారం ఒకటి మెదడులో ఉంది, అది ఉత్తినే మోగితే పానిక్. పానిక్ రోగులందరికీ ఈ లెక్క సరిపోలేదు. అయినా 2013లో జరిగిన ఒక ప్రయోగం దాన్ని కొట్టిపారేయనివ్వదు. మెదడులో భయానికి కేంద్రమనుకునే అమిగ్డలా రెండువైపులా దెబ్బతిన్న ముగ్గురి చేత 35 శాతం కార్బన్ డయాక్సైడ్ పీల్పించారు. వారిలో ఒకామె పాములకూ, భయానక చిత్రాలకూ జంకని మనిషి. ముగ్గురూ హడలిపోయారు, ఆరోగ్యవంతులు 12 మందిలో హడలిపోయింది ముగ్గురే. అయితే పీల్చబోయే ముందు ఉండే గుబులు మాత్రం ఈ రోగుల్లో దాదాపు కనబడలేదు. ముగ్గురితో సిద్ధాంతం నిలబడదన్నది ఒప్పుకోవలసిందే. కానీ ఊపిరి ఆగినప్పటి భయం వేరు, ఆగబోతోందన్న భయం వేరు అని చూపడానికి ఇది చాలు. కథకు చేతనైంది రెండోదే.

ఇప్పటి సినిమాలు ఈ తేడాను మరిచాయి. ‘బరీడ్’ (2010) మొత్తం పేటికలోనే నడుస్తుంది, కానీ ప్రేక్షకుడి ధ్యాసంతా ఫోన్ బ్యాటరీ మీదే. 1988 నాటి డచ్ చిత్రం ‘స్పూర్‌లూస్’ దానికన్నా ఎన్నో రెట్లు ఊపిరి బిగబట్టిస్తుంది. అందులో పేటిక కనిపించేది చివర్లో కొద్దిసేపే.