విత్తన కంపెనీల బాధ్యత ఎక్కడిదాకా?

బహుళజాతి కంపెనీలూ మానవ హక్కులూ అనగానే మనకు భోపాల్ గుర్తొస్తుంది. కర్నూలు, మహబూబ్‌నగర్ జిల్లాల సీడ్ పత్తి చేలనూ అంతే గట్టిగా గుర్తుంచుకోవాలి.

హైబ్రిడ్ పత్తి విత్తనం చేతులతో తయారవుతుంది. సాయంత్రం మొగ్గ విప్పి కేసరాలు తీసేస్తారు, మర్నాడు పొద్దున మగపూల పుప్పొడి అద్దుతారు. సీజనంతా ఒక్కొక్క పూవుకూ ఇదే పని. దీనికి బడి మాన్పించి తెచ్చిన ఆడపిల్లలను పెట్టారు. వాళ్లలో ఎక్కువమంది దళిత, ఆదివాసీ, వెనుకబడిన కులాలవాళ్లే. తల్లిదండ్రులకు ముందే అడ్వాన్సు ముట్టేది, పిల్ల సీజనంతా కదలడానికి లేదు.

2003లో దావులూరి వెంకటేశ్వర్లు అధ్యయనం ఈ చేలకు మోన్‌శాంటో, బేయర్ వంటి కంపెనీలతో ఉన్న లంకెను బయటపెట్టింది. కాగితం మీద పిల్లలను పెట్టుకున్నది రైతు. రైతుకూ కంపెనీకీ నడుమ ఆర్గనైజర్. కానీ విత్తనం కొనే ధర ఖరారు చేసేది కంపెనీయే. ఆ ధరకు పెద్దల కూలి గిట్టకపోతే, రైతు ఎవరిని పిలుస్తాడో కంపెనీకి తెలియదా?

2011లో ఐక్యరాజ్యసమితి మానవ హక్కుల మండలి ఆమోదించిన మార్గదర్శక సూత్రాలు ఈ సాకును ఒప్పుకోవు. వ్యాపార సంబంధాల ద్వారా తన సరుకుతో ముడిపడిన హానిని నివారించేందుకూ కంపెనీ ప్రయత్నించాలి. అయితే ఇవి చట్టం కావు, కోర్టులో నిలబెట్టలేం. మన బాల కార్మిక చట్టం 2016 సవరణతో 14 ఏళ్లలోపు పిల్లల పనిని నిషేధించింది గానీ, బడి వేళల తర్వాత కుటుంబ పనికి మినహాయింపు ఇచ్చింది. చేలో ఎవరు కుటుంబమో, ఎవరు కూలో తేల్చేదెవరు?

పరిశీలనకు వెళ్లే మిత్రులు పిల్లల లెక్కతోపాటు ఆ ఏటి కొనుగోలు ధరనూ రాసుకోవాలని కోరుతున్నాం.